రోజువారీ అద్దెల కాలంలో అపార్ట్‌మెంట్ నడపడం ఎలా: ఒక సెక్రటరీ లెక్కల పుస్తకం నుంచి

మా అపార్ట్‌మెంట్ విశాఖపట్నం లాసన్స్ బే కాలనీలో ఉంది. అయిదంతస్తులు, ముప్పై ఫ్లాట్లు, ఒక లిఫ్టు, ఒక సంపు, ఒక వాచ్‌మన్ కుటుంబం. బీచ్ రోడ్డుకి నడిచి వెళ్ళిపోవచ్చు. ఆ మాటే ఇప్పుడు మా ఫ్లాట్ల ప్రకటనల్లో మొదటి లైను. నేను బ్యాంకులో పనిచేసి రిటైరయ్యాను. లెక్కలు రాస్తానని నా నెత్తిన సెక్రటరీ పదవి పెట్టారు, దించుకోనివ్వడం లేదు.

నేను కొనుక్కున్నప్పుడు ఇక్కడ ఉండేవాళ్ళే ఓనర్లు. పోర్టు వాళ్ళు, యూనివర్సిటీ వాళ్ళు, స్టీల్‌ప్లాంట్ వాళ్ళు. ఇప్పుడు ఓనర్లు డాలస్‌లో, సిడ్నీలో, హైదరాబాద్‌లో ఉన్నారు. ఉండేవాళ్ళలో కొందరు ఏడాదికి వస్తారు, కొందరు శుక్రవారం రాత్రి వచ్చి ఆదివారం సాయంత్రం పోతారు. ఉద్యోగాలూ అలాగే ఉన్నాయి. పక్క ఫ్లాటు అబ్బాయి ఆఫీసు బెంగళూరు, మనిషి వాళ్ళమ్మ దగ్గర. టీసీఎస్‌కి, కాగ్నిజెంట్‌కి ఎకరా 99 పైసలకు స్థలం ఇచ్చారన్న వార్త వచ్చిన వారం, 2025 అక్టోబర్లో గూగుల్ 15 బిలియన్ డాలర్ల డేటా సెంటర్ మాట వచ్చిన వారం, మా వాచ్‌మన్‌కి బ్రోకర్ల ఫోన్లు ఆగలేదు. "అమ్మగారూ, ఫ్లాటు ఏదైనా కాళీ ఉందేటని అడుగుతున్నారు, అద్దెకి కాదట, కొనేసి రోజులకి ఇచ్చుకుంటారట" అన్నాడు.

ఇలాంటి అపార్ట్‌మెంట్‌ని పోట్లాటలు లేకుండా నడపడానికి మేము పెట్టుకున్న పద్ధతి రాస్తున్నాను. తిరుపతిలోనో, హైదరాబాద్ కొండాపూర్‌లోనో, విజయవాడలోనో ఉన్నవాళ్ళకి కూడా చాలావరకు పనికొస్తుంది. ముందే ఒక మాట. "రోజువారీ అద్దెలు మొత్తం బంద్" అని వాట్సాప్ గ్రూపులో అరిచే సెక్రటరీని కాను నేను. ఎందుకో కింద చెప్తాను.

మొదట పుస్తకం తెరవండి

రూల్స్ తర్వాత. ముందు ఎవరెవరు ఉంటున్నారో రాయాలి. ఒక లాంగ్‌నోట్‌బుక్ చాలు. ఫ్లాట్ నంబరు, ఓనరు పేరు, ఓనరు ఎక్కడ ఉంటారు, ఇప్పుడు లోపల ఎవరు, ఎన్నాళ్ళకి, బండి నంబర్లు. ఇవన్నీ అందరూ రాస్తారు. నేను ఇంకో గడి పెట్టాను: "రాత్రి రెండింటికి ఫోన్ ఎత్తే మనిషి". ఈ గడే అన్నిటికన్నా ముఖ్యం. ఓనరు కావచ్చు, ఓనరు బావమరిది కావచ్చు, తాళాలు పెట్టుకునే కేర్‌టేకర్ కావచ్చు. కానీ పేరూ నంబరూ ఉండాలి, ఆ మనిషి విశాఖపట్నంలోనే ఉండాలి. పైప్ పగిలి కింది ఫ్లాట్‌లోకి నీళ్ళు కారుతుంటే సిడ్నీకి ఫోన్ చేసి ఏం లాభం?

మాకు తేలిన లెక్క ఇది: ఓనర్లే ఉంటున్నవి 12, ఏడాది అద్దెకిచ్చినవి 9, తాళం వేసి ఉన్నవి 4, రోజువారీ అద్దెకి తిరుగుతున్నవి 4, ఒకటి ఏదో కంపెనీ గెస్ట్‌హౌసు. రోజువారీవి పదో పన్నెండో ఉంటాయని అప్పటిదాకా అందరం అనుకున్నాం. నాలుగే. ఆ నాలుగు ఫ్లాట్ల చప్పుడు ముప్పై ఫ్లాట్లంత వినబడింది, అంతే. లెక్క తేలాక మీటింగుల్లో గొంతులు సగం తగ్గాయి.

రోజువారీ ఫ్లాటుని ఓనరు ఒప్పుకోకపోయినా కనిపెట్టొచ్చు. మేడ మీద బట్టలు ఆరేసే తీగ చూడండి. సంసారం ఉన్న ఇంటి తీగ మీద లంగా, లుంగీ, స్కూలు యూనిఫాం, ఓ పాత టవలు ఉంటాయి. రోజువారీ ఫ్లాటు తీగ మీద ఒకే సైజు తెల్ల దుప్పట్లు, తెల్ల దిండుగలీబులు వరసగా ఉంటాయి, ఒక్క లోదుస్తు ఉండదు. తలుపుకి నంబర్లు నొక్కే తాళం, గుమ్మం పక్కన చెప్పుల స్టాండు లేకపోవడం కూడా గుర్తులే.

తాళం వేసిన నాలుగు ఫ్లాట్లనీ వదిలేయకండి. సముద్రం పక్కన తాళం వేసిన ఇల్లు అద్దెకిచ్చిన ఇంటికన్నా వేగంగా పాడవుతుంది. ఉప్పుగాలికి బాల్కనీ గ్రిల్లు తుప్పు పడుతుంది, అది కిందవాళ్ళ గోడ మీద ఎర్రగా కారుతుంది. పావురాలు చేరతాయి. బాత్రూం జాలీలో నీరెండి కంపు పైకి వస్తుంది. ఆ ఓనర్ల చేత ఒక తాళంచెవి మన ఊళ్ళో ఎవరి దగ్గరైనా పెట్టించండి. నెలకోసారి తలుపు తెరిచి నీళ్ళు వదిలే మనిషికి వాళ్ళే డబ్బులివ్వాలి. మా దగ్గర ఆ పని వాచ్‌మన్ భార్య చేస్తుంది.

ఓనర్లందరూ దొరికే టైమ్‌లో మీటింగు పెట్టండి

అసోసియేషన్ రిజిస్టరై ఉందో లేదో చూసుకోండి. మన రెండు రాష్ట్రాల్లోనూ ఎక్కువ అసోసియేషన్లు 2001 నాటి సొసైటీల రిజిస్ట్రేషన్ చట్టం కింద ఉంటాయి. ఫ్లాట్ల యాజమాన్యానికి 1987 నాటి అపార్ట్‌మెంట్ల చట్టం ఉంది. ఓనరైనవాడు బైలాస్‌కి, అంటే అసోసియేషన్ రాసుకున్న నియమావళికి, కట్టుబడాలన్నది దాని సారం. మీ బైలాస్ కాపీ బీరువాలోంచి తీసి చదవండి. "నివాసానికే వాడాలి" అన్న వాక్యం చాలావాటిలో ఉంటుంది. కానీ రెండు రోజులు ఉండిపోవడం నివాసమా, వ్యాపారమా అని అందులో ఎవరూ రాసి ఉండరు. పాతికేళ్ళ కింద ఆ ప్రశ్న పుట్టలేదు. అందుకని పాత వాక్యాన్ని పట్టుకుని కోర్టుకి పోయేకన్నా, జనరల్ బాడీలో కొత్త రూలు స్పష్టంగా రాసుకుని, మినిట్స్‌లో సంతకాలు పెట్టించి, బైలాస్ మార్పు రిజిస్ట్రార్ ఆఫీసులో దాఖలు చేయడం మేలు.

కోరం, అంటే మీటింగు చెల్లడానికి కావలసినంతమంది, రావడం కష్టం. మా చిట్కా ఏమిటంటే ఆదివారం ఉదయం ఎనిమిదింటికి మీటింగు. వేసవిలో అప్పుడు డాలస్‌లో శనివారం రాత్రి తొమ్మిదిన్నర, సిడ్నీలో ఆదివారం మధ్యాహ్నం పన్నెండున్నర. ఎవరూ నిద్రలో ఉండరు, ఎవరూ ఆఫీసులో ఉండరు. కింద పార్కింగులో కుర్చీలు, ఒక లాప్‌టాప్, ఒక చిన్న స్పీకరు. వీడియోలో వేసిన ఓటు చెల్లుతుందా అన్నది మీ బైలాస్ బట్టి ఉంటుంది. చెల్లకపోతే తమ బదులు ఇంకొకరు ఓటెయ్యొచ్చని ముందే రాతపూర్వకంగా ప్రాక్సీ తెప్పించుకోండి. నోటీసు ఈమెయిల్‌లోనూ పంపండి, బోర్డు మీదా అంటించండి, ఫోటో తీసి పెట్టుకోండి.

ఏడాది అద్దెకున్న తొమ్మిది కుటుంబాలనీ ఆ మీటింగుకి పిలవండి. ఓటు లేకపోయినా కుర్చీ ఇవ్వండి. రోజువారీ ఫ్లాట్ల పక్కన ఉండేది వాళ్ళు, లిఫ్టు చెడితే మెట్లెక్కేది వాళ్ళు. ఓనర్ల మీటింగులో టెనెంట్లకి పనేమిటని ఒక పెద్దాయన అన్నారు. ఆ పెద్దాయన స్వయానా హైదరాబాద్‌లో ఉంటారు. అక్కడ ఆయన టెనెంటే.

ఏం రూల్స్ పెట్టాం

పూర్తి నిషేధం పెట్టాలన్నవాళ్ళు ముగ్గురు, ఏ రూలూ వద్దన్నవాళ్ళు నలుగురు. మధ్యలో ఉన్నవాళ్ళతో కలిసి రాసుకున్నవి ఇవి.

రోజువారీ ఇవ్వాలనుకునే ఓనరు ముందుగా అసోసియేషన్‌కి కాగితం రాసివ్వాలి. ఊళ్ళో ఉండే బాధ్యుడి పేరు అందులో ఉండాలి. గెస్టులు వచ్చే రోజు సాయంత్రం ఆరులోపు పేర్లు, ఎంతమందో వాచ్‌మన్‌కి మెసేజ్ రావాలి. వచ్చినవాళ్ళ గుర్తింపు కార్డు చూసే బాధ్యత ఓనరుది లేదా కేర్‌టేకర్‌ది. వాచ్‌మన్‌ది కాదు. పెద్దగా చదువుకోని మనిషి చేతికి నలుగురి ఆధార్ కాపీలిచ్చి "చూసి పంపించు" అనడం ఏం న్యాయం? విదేశీయులు వస్తే బస ఇచ్చినవాళ్ళే 24 గంటల్లోపు ఆన్‌లైన్‌లో వాళ్ళ వివరాలు పంపాలి. ఇది మా రూలు కాదు, దేశపు చట్టం. చాలామంది ఓనర్లకి ఈ సంగతి మేం చెప్పేదాకా తెలియదు.

డబుల్ బెడ్‌రూమ్‌లో ఆరుగురికి మించి పడుకోకూడదు. పెళ్ళిబృందాలకి ఇవ్వకూడదు. ఆ ఫ్లాటుకి ఎన్ని పార్కింగులుంటే అన్నే బండ్లు. మేడ మీదకి రాత్రి పదింటి తర్వాత వెళ్ళకూడదు. ఇది మా అందరికీ వర్తిస్తుంది. మా పిల్లలు ఫోన్లు పట్టుకుని అక్కడే తిరుగుతారు కదా.

నీళ్ళ దగ్గర అసలు గొడవ ఉంది. జీవీఎంసీ (మా నగర కార్పొరేషన్) నీళ్ళు ఒక టైమ్‌లో వస్తాయి, సంపు నిండాలి. బోరు నీళ్ళు సముద్రం పక్కన ఉప్పగా ఉంటాయి, తాగడానికీ వంటకీ పనికిరావు. బీచ్‌లో మునిగి వచ్చిన ఆరుగురు ఒక్కొక్కరు రెండుసార్లు స్నానం చేస్తే ఆ ఫ్లాటు వాడకం ఎంతో ఊహించుకోండి. మెయింటెనెన్స్ మాత్రం అందరిదీ సమానం. రోజువారీ ఫ్లాట్లకి అదనంగా ఇంత అని అంచనాకి వేయబోతే గొడవైంది, "మా ఇంట్లో ఇద్దరమే, మరి మాకు తగ్గిస్తారా?" అని పై అంతస్తు దంపతులు అడిగారు. న్యాయమైన ప్రశ్న. అందుకని ఫ్లాటుకో వాటర్ మీటర్ పెట్టించాం. ఒక్కసారి ఖర్చు, తర్వాత ఎవరి వాడకం వాళ్ళది. రోజువారీ అద్దెల గొడవ సగం మీటర్లే తీర్చాయి. ఇంకా వింత ఏమిటంటే, మీటర్లు పెట్టాక ఎక్కువ నీళ్ళు వాడేది ఓనర్లే ఉంటున్న ఒక ఫ్లాటని తేలింది. పేరు చెప్పను.

చేయకూడనిది ఒకటుంది. రూలు తప్పిన ఫ్లాటుకి నీళ్ళు కట్ చేయడం, లిఫ్టు ఆపడం, గెస్టుల్ని గేటు దగ్గర ఆపేసి అరవడం. కమిటీలో కొందరు ఉత్సాహవంతులు ఇవే ముందు చెప్తారు. నీళ్ళూ కరెంటూ ఆపితే తప్పు మనవైపు తిరుగుతుంది, కేసు మన మీద పడుతుంది. ముందు ఫోన్, తర్వాత రాతలో నోటీసు, తర్వాత జనరల్ బాడీ తీర్మానం ప్రకారం జరిమానా. అప్పటికీ వినకపోతే లాయర్ నోటీసు. శబ్దం, గొడవ అయితే 112కి ఫోన్. ప్రతి మెట్టుకీ కాగితం ఉండాలి.

ఇక వచ్చే గెస్టుల సంగతి. దసరాకి మా ఊరు బెంగాలీ టూరిస్టులతో నిండిపోతుంది. అరకు, బొర్రా, కైలాసగిరి, సబ్‌మెరైన్ మ్యూజియం, అన్నీ తిరుగుతారు. ఓ రాత్రి హౌరా నుంచి దిగిన ఒక ముసలాయన, ఆయన కూతురు, ఇద్దరు పిల్లలు సూట్‌కేసులతో నా తలుపు కొట్టారు. వాళ్ళకి కావలసింది 302, నాది 202. తలుపు తాళం నంబరు మెసేజ్ రాలేదు, కేర్‌టేకర్ ఫోన్ ఎత్తడం లేదు. పిల్లలు నిద్రకి తూలుతున్నారు. వాళ్ళని హాల్లో కూర్చోబెట్టి టీ పెట్టాను. నంబరు వచ్చేసరికి ముప్పావుగంట. ఆ ముసలాయన పదిసార్లు చేతులు జోడించారు. వాళ్ళు చేసిన తప్పేమిటి? డబ్బు కట్టారు, వచ్చారు. అందుకే మా రూల్స్‌లో జరిమానా గెస్టుకి ఎప్పుడూ ఉండదు, ఓనరుకే. ప్రతి రోజువారీ ఫ్లాటు తలుపు మీద నంబరు పెద్దక్షరాల్లో ఇంగ్లీషులోనూ, హిందీలోనూ రాసి ఉండాలన్న రూలు ఆ మర్నాడే వచ్చింది.

ఓనరు చేత లెక్క వేయించండి

ఇది నాకు ఇష్టమైన భాగం. రోజువారీ అద్దెకి మారే ఓనర్లలో చాలామంది డిసెంబర్ నెల చూసి మారతారు. వాళ్ళతో వాదించకండి. కాగితం ముందు పెట్టండి. నేను వేసే లెక్క నమూనా ఇది. మీ ఊరి అంకెలు మీరు వేసుకోండి.

ఏడాది అద్దెకిస్తే డబుల్ బెడ్‌రూమ్‌కి నెలకి 20,000 వస్తుందనుకుందాం. మెయింటెనెన్స్, కరెంటు టెనెంటే కట్టుకుంటాడు.

రోజుకి 3,000 చొప్పున ఓ మాదిరి నెలలో 15 రాత్రులు నిండితే 45,000. బుకింగ్ యాప్‌కి 15 శాతం, అంటే 6,750. కేర్‌టేకర్‌కి 20 శాతం, 9,000. ఎనిమిదిసార్లు జనం మారితే క్లీనింగుకి, దుప్పట్ల ఉతుకుకి 4,000. ఏసీలు పగలూ రాత్రీ తిరుగుతాయి కాబట్టి కరెంటు 5,000. వైఫై, గ్యాసు, సబ్బులు 1,500. మెయింటెనెన్స్ 3,000. ఖర్చు మొత్తం 29,250. చేతికి 15,750.

వానల నెలలో 7 రాత్రులే నిండితే 21,000 వచ్చి, అదే పద్ధతిలో ఖర్చులు 16,850 దాకా పోయి, మిగిలేది నాలుగువేల చిల్లర. డిసెంబర్లో 4,000 చొప్పున 25 రాత్రులు నిండితే లక్ష. ఖర్చులు 52,500 పోయినా 47,500 మిగులుతుంది. నిజమే, ఆ నెల బాగుంటుంది. డాలస్ అబ్బాయి ఆ అంకె చూపించి, "ఆంటీ, డిసెంబర్‌లో ఎంతొచ్చిందో చూశారా?" అన్నాడు.

"చూశాను బాబూ. ఏడాదికి డిసెంబర్లెన్నో నువ్వు చూడు" అన్నాను.

దీని మీద ఇంకొన్ని ఉన్నాయి. మామూలు ఇంటద్దె మీద ఇన్‌కమ్ ట్యాక్స్‌లో 30 శాతం స్టాండర్డ్ డిడక్షన్ దొరుకుతుంది, అంటే అంతమేరకు పన్ను పడదు. రోజువారీ బస వ్యాపారం కిందికి పోతే ఆ లెక్క మారిపోతుంది. నివాసం కోసం మనిషికిచ్చిన ఇంటద్దెకి జీఎస్టీ లేదు. రోజువారీ బసకి ఉంది. రోజుకి 7,500 లోపు గదులకి 2025 సెప్టెంబర్ 22 నుంచి 5 శాతం. ఏడాది రాబడి 20 లక్షలు దాటని చిన్నవాళ్ళు యాప్ ద్వారా ఇస్తే యాప్‌వాళ్ళే వసూలు చేసి కడతారు. వ్యాపారంగా వాడితే ఇంటిపన్ను, కరెంటు కేటగిరీ కూడా మారే అవకాశం ఉంది. జీవీఎంసీ జోనల్ ఆఫీసులోనూ, కరెంటు ఆఫీసులోనూ ముందే అడగమని ఓనరుకి రాతలో చెప్పండి. ఉప్పుగాలికి ఏసీ అవుట్‌డోర్ యూనిట్ ఎన్నాళ్ళు బతుకుతుందో నేను చెప్పక్కర్లేదు.

ఇవన్నీ చూశాక నాలుగిట్లో ఒక ఫ్లాటు ఏడాది అద్దెకి తిరిగొచ్చింది. ఇద్దరు టీచర్లు, ఒక పాప. మిగతా మూడు రోజువారీగానే ఉన్నాయి, కాగితాలు సక్రమంగా ఉన్నాయి. అదీ సరే.

న్యూజెర్సీ ఓనరు ఒకాయన మాత్రం "నా ఫ్లాటు, నా ఇష్టం" అన్నారు. ఆయన పక్క ఊరే న్యూయార్క్. అక్కడ 2023 సెప్టెంబర్ నుంచి 30 రోజులకన్నా తక్కువకి ఇల్లివ్వాలంటే ఓనరు రిజిస్టర్ చేసుకోవాలి, గెస్టులతోపాటు ఆ ఇంట్లోనే ఉండాలి, ఇద్దరికి మించి పెట్టుకోకూడదు. బార్సిలోనా అయితే 2028 నవంబర్‌కల్లా టూరిస్టు ఫ్లాట్ల లైసెన్సులన్నీ ఆపేస్తామంది. పదివేల పైచిలుకు ఫ్లాట్లు. జపాన్‌లో ఏడాదికి 180 రాత్రులే. "అక్కడ పాటించేది ఇక్కడ సగమైనా పాటించండి" అన్నాను. అప్పటినుంచి ఆయన మెసేజ్‌లకి జవాబిస్తున్నారు.

ఒకటి మాత్రం వేరుచేసి చూడండి. మా 104లో ఉండే పెద్ద దంపతులు పిల్లలు వెళ్ళిపోయాక ఖాళీ పడ్డ గదిని సింహాచలం చందనోత్సవానికి, గిరిప్రదక్షిణకి వచ్చేవాళ్ళకి ఇస్తారు. పొద్దున్నే ఇడ్లీ పెడతారు, చెప్పులెక్కడ విడవాలో చెప్తారు, పదింటికి లైటార్పుతారు. అది హోమ్‌స్టే. కేంద్ర టూరిజం శాఖ పథకం కూడా ఓనరు కుటుంబం అదే ఇంట్లో ఉంటేనే హోమ్‌స్టేగా గుర్తిస్తుంది, ఆరు గదులు, 12 మంచాలకి మించకూడదు. ఖాళీ ఫ్లాటుకి నంబరు తాళం వేసి హోమ్‌స్టే అని బోర్డు పెట్టేవాళ్ళని, 104 వాళ్ళని ఒకే గాటన కట్టకండి. మా రూల్స్‌లో 104కి ముందస్తు మెసేజ్ ఒక్కటే. ఆ ఇంట్లో రాత్రి రెండింటికి ఫోన్ ఎత్తే మనిషి ఉన్నాడు.

ఇంట్లో కూర్చుని ఉద్యోగం చేసేవాళ్ళు

అపార్ట్‌మెంట్ పగటిపూట ఖాళీగా ఉండే రోజులు పోయాయి. మా పైన ఒకమ్మాయి అమెరికా క్లయింటుతో పనిచేస్తుంది. రాత్రి రెండింటిదాకా మాట్లాడుతూ ఉంటుంది, పగలు పదకొండుదాకా పడుకుంటుంది. ఎదురుగా రైల్వేలో రిటైరైనాయన. ఉదయం ఆరింటికి సుప్రభాతం పెద్దగా పెడతారు. ఇద్దరిదీ తప్పు కాదు. డ్రిల్లింగు, కార్పెంటర్ పని ఉదయం పదకొండు నుంచి ఒంటిగంట, మళ్ళీ మూడు నుంచి ఆరు అని పెట్టాం. సుప్రభాతానికి రూలు రాయలేదు. ఆ అమ్మాయే వెళ్ళి తాతగారూ అని మాట్లాడుకుంది, ఆయన రేడియో వంటింట్లోకి మార్చారు.

ఇంటర్నెట్ కేబుళ్ళు ఎవరికి తోచినట్టు వాళ్ళు కిటికీల్లోంచి లాగకుండా ఒక డక్టు వేయించండి. జనరేటరు లిఫ్టుకీ మోటారుకేనా, ఒక్కో ఫ్లాటుకి ఒక లైటూ రౌటరూ కూడానా అన్నది తేల్చుకోండి. మా దగ్గర రౌటర్‌కి ఓటు పడింది. పార్సిళ్ళ సంఖ్య విపరీతంగా పెరిగింది. గేటు దగ్గర అరలున్న ఇనప బీరువా ఒకటి పెట్టాం, పైన ఫ్లాట్ నంబర్లు.

వాచ్‌మన్ జీతం ఇక్కడే మాట్లాడాలి. మా వాచ్‌మన్‌ది శ్రీకాకుళం వైపు. పాత లెక్క ప్రకారం ఆయన పని గేటు, మోటారు, మెట్లు. ఇప్పుడు పార్సిళ్ళు, తెల్లవారుజామున వచ్చే క్యాబ్‌లు, గెస్టుల సూట్‌కేసులు అన్నీ ఆయన మీదే. జీతం మాత్రం పాతదే ఇస్తే అది దోపిడీ. పెంచాం. రోజువారీ ఫ్లాట్ల ఓనర్ల దగ్గర అదనంగా కొంత నేరుగా ఆయనకే వెళ్ళేలా రాసుకున్నాం. ఆయన భార్య ఆ మూడు ఫ్లాట్ల క్లీనింగు, దుప్పట్ల ఉతుకు చేస్తుంది. నాలుగిళ్ళలో అంట్లు తోమినప్పటికన్నా ఎక్కువే వస్తోందంది. పూర్తి నిషేధానికి నేనెందుకు చెయ్యెత్తలేదో అడిగినవాళ్ళకి ముందు ఆవిడ మాటే చెప్తాను. రెండో కారణం, నిషేధం పెట్టిన పక్క వీధి అపార్ట్‌మెంట్లో అద్దెలు ఆగలేదు. గెస్టుల్ని "మా చుట్టాలు" అని రాయడం మొదలైంది.

అద్దెకి ఇల్లు వెతుక్కునేవాళ్ళకి

కొత్తగా ఉద్యోగానికి వచ్చే పిల్లలు రుషికొండ, మధురవాడ వైపు చూస్తారు. కుటుంబాలు స్కూళ్ళ కోసం ఎంవీపీ కాలనీ, ఇటువైపు చూస్తాయి. సముద్రానికి దగ్గరైన కొద్దీ ఓనర్ల మనసు రోజువారీ వైపు లాగుతుంది. ఇల్లు చూసుకునేటప్పుడు వాచ్‌మన్‌ని పక్కకి పిలిచి మూడడగండి: ఇంతకుముందు ఉన్నవాళ్ళు ఎందుకు ఖాళీ చేశారు, ఏ నెలలో చేశారు, పక్క ఫ్లాట్లో ఎవరు. నవంబర్లో ఖాళీ చేయించి ఉంటే జాగ్రత్త, సీజన్ కోసం చేయించారేమో.

11 నెలల అగ్రిమెంటులో నోటీసు ఎన్ని నెలలో ఇద్దరికీ సమానంగా రాయించండి. అడ్వాన్సు ఎప్పుడు తిరిగిస్తారో తేదీతో రాయించండి. ఓనరు ఎన్నారై అయితే ఇంకో చిక్కు. అద్దె ఎంత తక్కువైనా టీడీఎస్ (ఓనరు పన్ను కింద అద్దెలోంచి ముందే తీసి ప్రభుత్వానికి కట్టేది) కోసి కట్టాల్సింది అద్దె ఇచ్చే మీరే, అది 30 శాతం, పైన సెస్సు. మామూలు ఓనర్లకుండే నెలకి 50,000 హద్దు ఎన్నారైలకి లేదు. ఓనరు తక్కువ కోతకి సర్టిఫికెట్ తెచ్చుకోవచ్చు. ముందే మాట్లాడుకోకపోతే తర్వాత నోటీసు మీ పేరునే వస్తుంది. మా టీచర్ల జంటకి ఇది నేనే కూర్చుని చెప్పాను.

వీధిని కూడా ఓ కన్నేయండి

అపార్ట్‌మెంట్ ఒక్కటే సర్దుకుంటే సరిపోదు. మా వీధిలో ఇస్త్రీబండి అతనికి రోజూ ఇచ్చే ఇళ్ళు తగ్గాయి. తెల్ల దుప్పట్లు లాండ్రీ వ్యాన్‌లో పోతున్నాయి, ఇస్త్రీకి రావు. కిరాణా కొట్టాయన పాతిక కేజీల బియ్యం బస్తాలు తగ్గించి, చిన్న షాంపూ ప్యాకెట్లు, నీళ్ళ సీసాలు, చిప్స్ పెంచాడు. స్కూలు బస్సు మా మలుపులో ఆగడం మానేసింది, ఎక్కే పిల్లలు ఇద్దరే మిగిలారని. టిఫిన్ సెంటర్ ఆవిడకి మాత్రం పండగ. శనివారం ఆదివారం పెసరట్టుకి క్యూ.

ఇలాంటి నాలుగైదు గుర్తులు మీ వీధిలో ఒకేసారి కనబడితే, మీ అపార్ట్‌మెంట్ వంతు దగ్గరపడినట్టే. అప్పుడు పుస్తకం తెరిస్తే చాలా సుఖం, ఆలస్యమైతే ఫ్లాటు ఫ్లాటుకీ తగువే. మేం పక్కనున్న మరి కొన్ని అపార్ట్‌మెంట్ల సెక్రటరీలతో ఒక గ్రూపు పెట్టుకున్నాం. ఒకే కేర్‌టేకర్ ఎన్ని ఫ్లాట్లు చూస్తున్నాడో అక్కడే తేలింది. అతన్ని పిలిచి అందరికీ ఒకే రూల్స్ కాగితం ఇచ్చాం. అతనికీ హాయే. ఒక్కో గేటు దగ్గర ఒక్కో రకం అరుపులు తప్పాయి.

పుస్తకాన్ని ఏడాదికి మూడుసార్లు సరిచూడండి. వేసవి సెలవులకి ముందు, దసరాకి ముందు, క్రిస్మస్‌కి ముందు. ఆషాఢ పౌర్ణమి గిరిప్రదక్షిణ దారిలో మీ వీధి ఉంటే అప్పుడు కూడా. మాకు అప్పుఘర్ మలుపు దగ్గర ఆ రాత్రి జనం ఆగరు. ఆ రోజుకి సంపు ముందురోజే నింపుకోవాలి, గేటు బయట బండ్లు పెట్టనివ్వకూడదు, నడిచేవాళ్ళకి మజ్జిగ ఎవరిస్తారో పేర్లు రాసుకోవాలి. పోయిన ఏడాది మూడు రోజువారీ ఫ్లాట్ల ఓనర్లు తలా కొంత పంపారు. ఈసారి కూడా అడుగుతున్నాను, న్యూజెర్సీ ఆయన ఇంకా జవాబివ్వలేదు.